ఇస్త్రీ చొక్కా లూటీ

మన దేశంలో ఏ సంఘటనైనా జరిగినట్టు లెక్కలోకి రావాలంటే ఒక కెమెరా, ఒక గొంతు, మధ్యలో పోకుండా ఉండే కరెంటు కావాలి. వీటితో పాటు సంఘటన కూడా ఉండాలని పూర్వం ఒక నిబంధన ఉండేదట. ప్రజల సౌకర్యార్థం దాన్ని ఎప్పుడో ఎత్తేశారు. (ఎత్తేసిన సంగతి టీవీలో రాలేదు కనుక ఎత్తేసినట్టు ఎవరికీ తెలియదు.)

ఈ మార్పును అందరికన్నా ముందు మనస్ఫూర్తిగా ఆమోదించిన పౌరుడు నాచారంలో, శాంతి ఎన్‌క్లేవ్ ఏ బ్లాకు రెండో అంతస్తులో ఉంటారు. పేరు విశ్వనాథం గారు. సొంతూరు తెనాలి దగ్గర. ఉద్యోగం మాత్రం హబ్సిగూడలోని ఒక పరిశోధన సంస్థలో, కొలత పరికరాలను సరిచూసే విభాగంలో. అక్కడే చేరి, అక్కడే జుట్టు నెరిసి, అక్కడే మెడలో దండ వేయించుకుని రిటైరయ్యారు. కన్ను ఒకటి చెప్పి పరికరం ఇంకొకటి చెబితే కన్నును మరమ్మతుకు పంపాలన్నది ఆ విభాగం సిద్ధాంతం. ఆయన దాన్ని ఇంటికి కూడా తెచ్చుకున్నారు. ఒకసారి భార్య తారామణి ఒళ్ళు పెనంలా కాలిపోతుంటే, థర్మామీటర్ జ్వరం లేదందని ఆవిడ చేత పులిహోర కలిపించారు. (థర్మామీటరే పాడైందని తర్వాత బయటపడింది. ఆ సంగతి బయటపెట్టింది కూడా ఇంకో థర్మామీటరే కదా అని ఆయన ఇప్పటికీ అంటారు.)

రిటైరయ్యాక ఇంట్లో ఆయన ఆధీనంలో మిగిలిన పరికరం టీవీ ఒక్కటే. దాన్ని మట్టం పెట్టి చూసి మరీ గోడకు బిగించారు. రోజూ పొద్దున్నే మెత్తటి గుడ్డతో తుడుస్తారు. కిటికీ అద్దాలు తుడిచి మాత్రం చాలాకాలమైంది.

ఆ వారం రాష్ట్రం అట్టుడికిపోతోంది. ఒక పక్షం బంద్ అంది. రెండో పక్షం ఆ బంద్‌ను అడ్డుకుంటామంది. మూడో పక్షం ఇద్దరినీ ఖండిస్తామని, ఖండించడానికి ఊరేగింపు తీస్తామని అంది. (బంద్ దేనికోసం అని అడక్కండి. ఆ రోజు అడిగిన వాళ్ళకే జవాబు దొరకలేదు.) నాచారం మాత్రం తన ఆనవాయితీ ప్రకారం దుకాణాల షట్టర్లు సగం దించుకుంది. పై సగం బంద్‌కు సంఘీభావం, కింది సగం వ్యాపారం. నడుం వంచి లోపలికి దూరగలిగిన ప్రతి పౌరుడికీ పాలు, పెరుగు, ఉల్లిగడ్డలు యథావిధిగా దొరుకుతున్నాయి. అలా నడుం వంచి కరివేపాకు తెచ్చిన తారామణి చెప్పులు విడుస్తూ ఇంట్లోకి వచ్చింది.

"బయట చీమ చిటుక్కుమనడం లేదండీ. పిల్లలు మెయిన్ రోడ్డు మీద ఇటుకలు నిలబెట్టుకుని క్రికెట్ ఆడుతున్నారు," అంది.

"తారా, నువ్వు చూసింది ఒక్క వీధి. అదీ కరివేపాకు కోసం వెళ్ళి. టీవీ చూస్తున్నది రాష్ట్రం మొత్తాన్ని, అదీ పనిగట్టుకుని. ఎవరి మాట నమ్మమంటావు?"

"నాచారంలో ఉన్నది నేనాండీ, టీవీనా?"

"ఇద్దరూ ఉన్నారు. దానికి బోలెడు కెమెరాలు. నీకు రెండే కళ్ళు, అందులో ఒకదానికి శుక్లం."

ఆ ఇంట్లో మోగుతున్నది పెళపెళ టీవీ అనే చానల్. అందులో వార్తలు చదివే భాగ్యశ్రీ గొంతు ఎప్పుడూ మూడో విజిల్‌కు సిద్ధంగా ఉన్న కుక్కర్‌లా ఉంటుంది. ఆవిడ రేపటి ఎండ గురించి చెప్పినా మంచం కిందికి దూరాలనిపిస్తుంది. పొద్దున్నుంచీ తెర మీద మంటలే. ఉప్పల్ రింగు రోడ్డు దగ్గర ఒక టైరు కాలింది. (నిజంగానే కాలింది. ఒకటే. దాన్ని నాలుగు వైపుల నుంచి తీసి నాలుగు టైర్లు చేశారు.) మల్కాజిగిరిలో నినాదాలు దొరికాయి. నాచారానికి పంపిన విలేకరి హృషికేశ్‌కు మాత్రం ఏమీ దొరకలేదు.

ఆ మాటే అతను ఆఫీసుకు ఫోన్ చేసి చెప్పాడట. ఆ చానల్లో దైనందిన ఉద్రిక్తతల సమన్వయాధికారి అని ఒకరుంటారు. ఏ పేటకు ఎంత ఉద్రిక్తత రావాలో తెల్లవారకముందే కేటాయించడం ఆయన పని. నాచారానికి ఆ రోజు వచ్చిన కేటాయింపు 'తీవ్రం'. ప్రశాంతంగా ఉంది సార్ అన్న విలేకరిని ఆయన తిట్టలేదు. ప్రశాంతత అనేది పరిస్థితి కాదని, పని మీద విలేకరికి శ్రద్ధ లేకపోవడమేనని ఓపిగ్గా వివరించి ఫోన్ పెట్టేశారు. హృషికేశ్ కెమెరా మనిషిని వెంటేసుకుని సందులన్నీ గాలించాడు. చివరికి శాంతి ఎన్‌క్లేవ్ ప్రహరీ పక్కన అతనికి పొగ కనిపించింది.

ఆ పొగ హన్మయ్యది. హన్మయ్య జనగామ వైపు మనిషి. నాచారంలో ఒక దారం మిల్లులో పనిచేసి, ఆ మిల్లు మూతపడ్డాక ప్రహరీ పక్కన ఇస్త్రీ బండి పెట్టుకున్నాడు. ఎన్‌క్లేవ్ నుంచి ఆఫీసులకు వెళ్ళే చొక్కాలన్నీ అతని చేతి మీదుగా వెళ్ళేవే. బంద్ ఇవాళ ఒక్కరోజే, రేపు ఆఫీసులున్నాయి కనుక ఆ పొద్దున కూడా బండి తీశాడు. బొగ్గుల ఇస్త్రీ పెట్టె రాజుకోవాలంటే ఎవరైనా ఏం చేస్తారో అతనూ అదే చేశాడు. బొగ్గులు నింపి, నిప్పు వేసి, పిడి పట్టుకుని పెట్టెను గాలిలో అటూ ఇటూ బలంగా ఊపాడు. పొగ లేచింది, నిప్పురవ్వలు ఎగిరాయి. గొంతులోకి పోకుండా ఎప్పటిలాగే తువ్వాల మూతికి అడ్డం కట్టుకున్నాడు. ఇది అతను రోజూ చేసేదే, ఎన్‌క్లేవ్ రోజూ చూసేదే. కాకపోతే ఇన్నాళ్ళూ దానికి నేపథ్య సంగీతం లేదు.

"ముఖానికి ముసుగు! చేతిలో నిప్పుల పెట్టె! నాచారంలో అసలేం జరుగుతోంది?" అని భాగ్యశ్రీ కేక పెట్టింది.

తెర మీద హన్మయ్య చుట్టూ ఒక ఎర్ర గీత గుండ్రంగా తిరిగి ఆగింది. కాసేపటికి అతను అయిన బట్టలన్నీ మూటగట్టి భుజానికెత్తుకుని, ముందు బి బ్లాకులో ఇవ్వాల్సినవి ఇచ్చి వద్దామని బయల్దేరాడు. 'మూటతో ముసుగు మనిషి పరారీ. లూటీ?' అని కింద అక్షరాలు పరుగెత్తాయి. (ఆ చివరి ప్రశ్నార్థకం గొప్ప సౌకర్యం. అది తగిలించి ఎవరినైనా ఏమైనా అనవచ్చు. అన్నట్టు కాదు, అడిగినట్టు. కాకపోతే అది ఎండకు ఆగదు. మధ్యాహ్నానికల్లా రాలిపోతుంది.)

తారామణి కత్తిపీట ముందు నుంచి లేచి వచ్చి తెర వంక చూసింది.

"ఏమండీ, అది మన హన్మయ్య కదూ?"

"ఎవరు చెప్పారు?"

"ఒకరు చెప్పేదేమిటి, కనిపిస్తుంటేనూ!"

"హన్మయ్య చుట్టూ ఎప్పుడైనా ఎర్ర గీత చూశావా?"

తారామణి ఆలోచించింది. చూడలేదని ఒప్పుకోక తప్పలేదు.

అంతలో మూటలోంచి ఒక చొక్కా జారి మట్టిలో పడింది. కెమెరా దాని మీదికి దూకింది. గంధం రంగు చొక్కా, జేబు మీద పరిశోధన సంస్థ వజ్రోత్సవాల ముద్ర. విశ్వనాథం గారు కుర్చీలోంచి సగం లేచారు. అది ఆయనదే. నిన్న సాయంత్రం ఇస్త్రీకి ఇచ్చిందే. మామూలు బుర్రయితే ఇక్కడ ఒక దారిన పోయేది. ఆయనది శిక్షణ పొందిన బుర్ర. చొక్కా హన్మయ్య దగ్గర ఉండాలి. ముసుగు మనిషి దగ్గర ఉంది. కాబట్టి ముసుగు మనిషి హన్మయ్య బండిని దోచుకున్నాడు.

"పాపం హన్మయ్య! బీదవాడి ఇస్త్రీ బండిని కూడా వదల్లేదు, దుర్మార్గులు!" అన్నారు. ఆ అనడంలో కళ్ళు నిజంగానే చెమర్చాయి.

తారామణి ఆయన చెయ్యి పట్టుకుని వంటింటి కిటికీ దగ్గరికి లాక్కెళ్ళింది. కింద బండి ఉంది, బండి మీద పెట్టె ఉంది, పెట్టె మీద పొగ ఉంది. హన్మయ్య మాత్రం బి బ్లాకు మెట్లు ఎక్కుతున్నాడు కనుక అక్కడ లేడు.

"చూశావా? బండి ఉంది, మనిషి లేడు. పాపం, ఏమైపోయాడో!" అన్నారు విశ్వనాథం గారు. తర్వాత పొగ వంక అనుమానంగా చూశారు. "ఇదేమిటి, పొగ ఇంత పలచగా ఉంది? టీవీలో ఎంత చిక్కగా ఉంది! ఈ కిటికీ సరిగ్గా చూపించడం లేదు."

"తుడిస్తే చూపిస్తుంది."

"నిప్పు లేనిదే పొగ రాదు తారా."

"నిప్పు ఉండబట్టే కదండీ ఇన్నేళ్ళూ మీ ప్యాంటు మడత నిలబడింది," అని ఆవిడ మళ్ళీ కత్తిపీట దగ్గరికి వెళ్ళిపోయింది.

హన్మయ్యకు జరిగిన అన్యాయం విశ్వనాథం గారిని నిలవనివ్వలేదు. తెర మీద తిరుగుతున్న నంబరుకు ఫోన్ చేశారు. ఎప్పుడూ దొరకని నంబరు ఆ రోజు వెంటనే దొరికింది. నాచారం నుంచి శాస్త్రవేత్త అనగానే నేరుగా భాగ్యశ్రీకి కలిపేశారు.

"విశ్వనాథం గారూ, మీరు శాస్త్రవేత్త. ఉన్నది నాచారంలో. ఆ ముసుగు మనిషిని మీరు మీ కళ్ళతో చూశారా లేదా? ప్రజలకు సూటిగా చెప్పండి!"

"నా కళ్ళతోనే చూశానమ్మా! మూటతో పోతుంటే చాలా స్పష్టంగా చూశాను. మా ఇంట్లో పెద్ద టీవీ..."

'మా ఇంట్లో' దగ్గర లైను తెగింది. (చానళ్ళలో ఫోన్ లైన్లు ఎక్కడ తెగాలో అక్కడే తెగుతాయి.) మరుక్షణం 'ప్రత్యక్ష సాక్షి, ప్రముఖ శాస్త్రవేత్త విశ్వనాథం' అని తెరంతా నిండింది. ఆయన ఫోటో లేకపోవడంతో తెల్లకోటు వేసుకుని భూతద్దంలోంచి చూస్తున్న ఎవరో ఆసామి బొమ్మ వేశారు. ఆయన ఆ బొమ్మను చాలాసేపు చూసి, తాను ఇంచుమించు అలాగే ఉంటానని నిర్ణయించుకున్నారు.

ఇక ఫోన్లే ఫోన్లు. చెంగిచెర్ల నుంచి తారామణి తమ్ముడు రమేష్, "బావగారూ, ప్రాణాలతో ఉన్నారా?" అని గోల పెట్టాడు. "ఉన్నాం. లోపలే ఉన్నాం. చాలా ఘోరంగా ఉందిరా," అన్నారు ఈయన. అన్నాక తన మాట తనకే వినిపించి భయం వేసింది. వెళ్ళి తలుపుకు రెండో గడియ కూడా పెట్టి వచ్చారు.

ఎన్‌క్లేవ్ సంక్షేమ సంఘం కార్యదర్శి కామరాజు గారు వాట్సాప్‌లో అత్యవసర ప్రకటన జారీ చేశారు. నివాసులందరూ కిటికీలు మూసుకోవలెను. ఎవరి కిటికీలోనైనా టీవీకి విరుద్ధంగా ప్రశాంతత కనిపించినచో, వదంతులు వ్యాపించకుండా దానిని తమలోనే ఉంచుకోవలెను. బి బ్లాకు మూడో అంతస్తులో ఒకావిడ హన్మయ్య చేతి నుంచి ఇస్త్రీ బట్టలు అందుకుంటూనే ఆ ప్రకటన చదివి, "జాగ్రత్త హన్మయ్యా, ఎవడో ముసుగువాడు తిరుగుతున్నాడట," అని హెచ్చరించింది. బండి ఒంటరిగా ఉందని గుర్తొచ్చి హన్మయ్య గబగబా మెట్లు దిగి పరుగెత్తాడు. ఆ పరుగు కూడా టీవీలో వచ్చింది.

సాయంత్రం కాఫీల వేళకు పెళపెళ టీవీ నుంచి స్వయంగా భాగ్యశ్రీయే ఫోన్ చేసింది. రాత్రి ఎనిమిదింటికి 'నాచారం ఎందుకు మండింది?' అనే అంశం మీద చర్చ. విశ్వనాథం గారు స్టూడియోకు రావాలి, కారు పంపిస్తారు. ఆయన ఆ కబురు తారామణికి రెండుసార్లు చెప్పారు. ఉద్యోగమంతా పరికరాల వంక చూసిన మనిషి, మొదటిసారి పరికరంలోంచి బయటికి చూడబోతున్నారు.

"ఏం వేసుకోను? వజ్రోత్సవాల చొక్కా అయితే హుందాగా ఉండేది. ఖర్మ, అదేమో లూటీ అయిపోయింది."

తారామణి ఏదో అనబోయేంతలో ఎవరో తలుపు దబదబా బాదారు. ఆయన రెండు గడియలూ తీసేసరికి హన్మయ్య భార్య సత్తమ్మ గుమ్మంలో కూలబడి ఉంది.

"సారు! మా ఆయన్ని జీపుల ఎక్కించుకపోయిన్రు సారు! గీ బట్టలు యాడ లూటీ జేసినవ్ రా అని అడుగుతున్నరు. నాకు కాల్రెక్కలు ఆడ్తలేవు."

"హన్మయ్యనా? లూటీ అయింది హన్మయ్యదే కదా!"

"లూటీ ఏంది సారు! గవి మీ బట్టలే గద! అమ్మ నిన్న నా చేతికే ఇచ్చె. మీరు జర ఠాణాకొచ్చి గదే మాట జెప్పున్రి, ఇడిసిపెడ్తరు. మీ అసుంటి పెద్దమనిషి జెప్తె ఇంటరు సారు. ఒక్క మాట."

విశ్వనాథం గారు టీవీ వంక చూశారు. అందులో ఎర్ర గీత ఇంకా తిరుగుతోంది. సత్తమ్మ వంక చూశారు.

"వెళ్ళండి. చొక్కా సంగతి దేవుడెరుగు, ముందు మనిషిని విడిపించుకు రండి. నేనూ వస్తాను పదండి," అంది తారామణి.

"నువ్వూ వస్తే టీవీ ఎవరు చూస్తారు?" అని ఆయన ఒక్కరే బయల్దేరారు.

ఠాణా దాకా సత్తమ్మ ముందు, ఆయన వెనక నడిచారు. దారంతా ఖాళీగా, హాయిగా ఉంది. పిల్లల క్రికెట్ బంతి ఒకటి ఆయన కాళ్ళ దగ్గరికి దొర్లుకుంటూ వచ్చింది. ఆయన ఉలిక్కిపడి పక్కకు గెంతారు.

ఠాణాలో కూడా గోడకు టీవీ ఉంది, అందులో కూడా పెళపెళ టీవీయే. ఎస్సై ఉమామహేశ్వర్ లేచి నిలబడి కుర్చీ చూపించాడు.

"రాండ్రి సార్, రాండ్రి. ఇప్పుడే మిమ్మల్ని టీవీల ఇన్న. మస్తు ధైర్యంగ చెప్పిన్రు."

మూలన నేల మీద కూర్చున్న హన్మయ్య ఆయన్ను చూడగానే లేచాడు. తువ్వాల ఇప్పుడు మెడలో ఉంది. ముఖం పాలిపోయింది. ఆయన్ను చూడగానే ఆ ముఖంలోకి ప్రాణం వచ్చింది.

"నమస్తె సారు. మీ షర్టు కింద పడి మట్టంటింది సారు. మల్ల దులిపి ఇస్త్రీ జేసిన. ప్యాంటు ఇంక జెయ్యలె."

బల్ల మీద బట్టలు వరసగా పేర్చి ఉన్నాయి. అన్నిటికన్నా పైన గంధం రంగు చొక్కా. ఉమామహేశ్వర్ కుర్చీ దగ్గరికి లాక్కుని గొంతు తగ్గించాడు.

"సార్, నాకు తెల్వదా? మా ఇంటి బట్టలు గూడ గిట్లనే ఒకాయన చేస్తడు. కని పైనోళ్ళు పొద్దుగాల సంది టీవీ సూసుకుంట ఫోన్లు కొడుతున్నరు, ముసుగోన్ని పట్టుకోలేదా అని. మీరు ఒక్క మాట చెప్పున్రి. ఈయన మా ఇస్త్రీ హన్మయ్య, బట్టలు నేనే ఇచ్చిన అని. ఇప్పుడే పంపిస్త. కని ఒక్కటి సార్. గట్లయితే పొద్దున మీరు కండ్లార సూసిన ముసుగు మనిషి ఎవరు అని అడుగుతరు. దానికి మీరే జవాబు చెప్పాలె."

సరిగ్గా అప్పుడే గోడ మీద టీవీలో ఆయన గొంతు మోగింది. నా కళ్ళతోనే చూశానమ్మా, చాలా స్పష్టంగా చూశాను. పొద్దుటి నుంచి ఎన్నోసారో ఎవరూ లెక్కపెట్టలేదు. తెల్లకోటు ఆసామి భూతద్దంలోంచి ఠాణాలోకి తొంగి చూస్తున్నాడు.

విశ్వనాథం గారు హన్మయ్య వంక చూశారు. అబద్ధమెందుకు, ఆ క్షణంలో ఆయనకు అంతా అర్థమైంది. ఆ తువ్వాల ఎవరిదో, ఆ పెట్టె ఎందుకు ఊపాడో, ఆ మూట ఎటు పోయిందో మొత్తం తెలిసిపోయింది. ఆ ఒక్క మాట నాలుక చివరి దాకా వచ్చింది కూడా. అప్పుడే జేబులో ఫోన్ మోగింది. స్టూడియో కారు హబ్సిగూడ దాటింది, ప్రత్యక్ష సాక్షి గారు తయారుగా ఉన్నారా అని అడుగుతున్నారు. ముసుగు మనిషే లేకపోతే ప్రత్యక్ష సాక్షి ఉండడు. ప్రత్యక్ష సాక్షి లేకపోతే కారు వెనక్కి పోతుంది. పోతూ పోతూ, ఉద్యోగమంతా ఒక్క తప్పు లెక్క ఇవ్వని మనిషి రిటైరయ్యాక రాష్ట్రమంతటికీ తప్పు లెక్క ఇచ్చాడన్న మాటను వెంట తీసుకుపోతుంది.

ఆయన గొంతు సవరించుకున్నారు.

"ఈ చొక్కా నాదే," అన్నారు.

సత్తమ్మ రెండు చేతులూ ఎత్తి దణ్ణం పెట్టింది.

"మనిషి సంగతి మాత్రం... కచ్చితంగా చెప్పలేను ఎస్సై గారూ. టీవీలో చూసినప్పుడు చుట్టూ ఎర్ర గీత ఉంది. ఇక్కడ లేదు."

ఉమామహేశ్వర్ ఆయన్ను ఎగాదిగా చూసి, నిట్టూర్చి, చొక్కా తీసి చేతిలో పెట్టాడు.

"గట్లనే కానియ్యున్రి సార్. ఇప్పటిదాక లూటీ అంటున్నం గని, సొమ్ము పోయినోడు ఎవ్వడూ రాలే. కేసు ఎట్ల నిలబడ్తదా అని నేనే పరేషానైతున్న. మీరొచ్చి నాదే అన్నరు. నిలబడ్డది."

సత్తమ్మ ఎత్తిన చేతులు దించడం మర్చిపోయింది. హన్మయ్యకు ఏమీ అర్థం కాలేదు. చొక్కా అయితే సారుకు అందింది కదా అని తల ఊపాడు.

ఆ రాత్రి చర్చ దిగ్విజయంగా జరిగింది. పాల్గొన్న వారిలో ఒకాయన అరిచారు, ఒకాయన లేచి వెళ్ళిపోతానని పదేపదే చెప్పి ఎక్కడికీ వెళ్ళలేదు, ఇంకొకాయన మైకు మొదటి నుంచీ పనిచేయలేదు (ఆయన ఒక్కరే ఏదో విషయం చెబుతున్నట్టు కనిపించారు). విశ్వనాథం గారి పేరు కింద 'ప్రత్యక్ష సాక్షి, లూటీ బాధితుడు' అని వేశారు. లూటీ అయిన చొక్కా ఇదేనా అని భాగ్యశ్రీ అడిగినప్పుడు ఆయన వినయంగా జేబు మీది ముద్రను చూపించారు. సమాజం ఎటు పోతోందో ఆలోచించాలని కూడా అన్నారు. ఇంటికొచ్చేసరికి ఇంట్లో టీవీ ఆపేసి ఉంది. తారామణి అన్నం పెట్టి వెళ్ళి పడుకుంది.

మర్నాడు పెళపెళ టీవీకి ఇంకో జిల్లాలో ఇంతకన్నా మంచి పొగ దొరికింది. నాచారాన్ని ఆర్పేశారు. టీవీలో ఆరిపోయాక ఠాణాలో హన్మయ్యను ఎందుకు ఉంచారో ఎవరికీ సరిగ్గా గుర్తులేదు, ఎలా పంపాలో కూడా తెలియలేదు. తారామణి రోజూ సత్తమ్మతో కలిసి వెళ్ళి, బట్టలు నేను ఇచ్చినవే, ఇస్త్రీకని సత్తమ్మ చేతిలో నేనే పెట్టాను అని చెబుతూనే ఉంది. ఎస్సై మర్యాదగా విని మంచినీళ్ళు ఇప్పించేవాడు. అయితే ఆవిడ ఎన్నడూ టీవీలో కనిపించిన మనిషి కాదు కనుక ఆవిడ మాటను ధ్రువీకరించే మార్గం లేకపోయింది. చివరికి మరో బంద్ దగ్గరపడి, ఠాణాలో చోటు చాలక, హన్మయ్యను షరతు మీద వదిలేశారు. బహిరంగ ప్రదేశాల్లో అతను నిప్పు ముట్టరాదు. (ఇస్త్రీ బండికి కరెంటు కనెక్షన్ ఇచ్చే పద్ధతి ఇంకా రాలేదు. వస్తే టీవీలో చెబుతారు.)

ఆ సాయంత్రమే హన్మయ్య ఏ బ్లాకు రెండో అంతస్తుకు వచ్చాడు. మనిషి సగమయ్యాడు. చేతిలో మడతపెట్టిన ప్యాంటు ఉంది. తలుపు తీసిన తారామణి చీర కొంగు నోటికి అడ్డం పెట్టుకుని లోపలికి పోయింది. విశ్వనాథం గారు గుమ్మంలోకి వచ్చారు కానీ అతని ముఖం చూడలేకపోయారు. ఆయనకు సిగ్గేసింది.

"ఎలా ఉన్నావు హన్మయ్యా?"

"బాగనే ఉన్న సారు. గిది మీ ప్యాంటు, ఠాణాల ఇచ్చిన్రు. ఇస్త్రీ కాలె. నిప్పు ముట్టొద్దన్నరు గద, గట్లనే తెచ్చిన."

"మరి బండి?"

"బండి ఉన్నది సారు. సల్లటి పెట్టె బట్ట మీద తిప్పితె ఏమొస్తది?" అన్నాడు హన్మయ్య. వెళ్ళబోయి, మళ్ళీ ఆగాడు. చెప్పాలా వద్దా అన్నట్టు తువ్వాల కొస నలిపాడు.

"మిమ్మల్ని టీవీల సూసిన సారు, ఠాణాల కూసొని. మంచిగ మాట్లాడిన్రు. కని షర్టు కాలరు కాడ జర ముడత ఉండిపాయె. నేను కాలరు మీద పెట్టె పెట్టంగనే జీపొచ్చింది సారు. గంత మంది ముంగట గట్ల కనవడితిరి అని నాకు అదే ఫికరైంది. ఏమనుకోకున్రి."

అతను మెట్లు దిగి వెళ్ళిపోయాక కూడా విశ్వనాథం గారు గుమ్మంలోనే నిలబడ్డారు. చొక్కా లోపల అలమారలోనే ఉంది, కానీ దాని జోలికి పోలేదు. టీవీ ముందు కూర్చుని, రికార్డు చేసి పెట్టుకున్న చర్చను మొదటి నుంచీ వేసి, తన మెడ కనిపించిన ప్రతిచోటా ఆపి, కళ్ళజోడు సవరించుకుని పరిశీలించారు. ముడత ఎక్కడా లేదు. ఆయన ప్రాణం తేలికపడింది. హన్మయ్య అబద్ధాలకోరని తేలిపోయింది.